లివ్ ఉల్‌మన్ తీసిన ఐదు సినిమాల్లో ముందు ఏది చూడాలి?

నార్వే నటి లివ్ ఉల్‌మన్ అనగానే ప్రపంచ సినిమా చూసేవాళ్లకి ముందు గుర్తొచ్చేది ఆవిడ ముఖం. 1966లో స్వీడిష్ దర్శకుడు ఇంగ్మార్ బెర్గ్‌మన్ తీసిన 'పర్సోనా'లో దాదాపు మాటే లేని నటి పాత్ర ఆవిడది. మాట లేకపోయినా సినిమా అంతా ఆ ముఖం మీదే నడుస్తుంది. ఆ నటి దర్శకురాలు కూడా అన్న సంగతి చాలామందికి ఎప్పటికో గానీ తెలియదు. తెలిశాక మాత్రం ఒక చిక్కు వస్తుంది. ఆవిడ తీసిన ఫీచర్ సినిమాలు ఐదు, ఏదీ రెండు గంటలకి తక్కువ ఉండదు, అన్నీ నెమ్మదిగానే నడుస్తాయి. దేంతో మొదలుపెట్టాలి?

దీన్ని తేలిగ్గా తీసిపారేయకండి. మొదట పట్టుకున్న సినిమా సరిపడకపోతే మిగతా నాలుగూ చూడబుద్ధి కాదు. పెద్ద పెద్ద స్టార్లున్నారు కదా అని 'మిస్ జూలీ' పెట్టుకుని అరగంటకే ఆపేసి, "ఈవిడ మనకి పడదులే" అని తేల్చేసినవాళ్లు నాకు తెలుసు. వాళ్లు మొదలుపెట్టాల్సింది వేరే చోట.

ఐదింటి వరస ఇదీ. 1992లో డానిష్‌లో 'సోఫీ'. 1995లో నార్వేజియన్‌లో 'క్రిస్టిన్ లావ్రాన్స్‌డాటర్'. స్వీడిష్‌లో రెండు: 1996లో 'ప్రైవేట్ కన్ఫెషన్స్', 2000లో 'ఫెయిత్‌లెస్'. ఆఖరుది 2014లో ఇంగ్లిష్‌లో వచ్చిన 'మిస్ జూలీ'. వీటికి ముందు, 1982లో, 'లవ్' అనే కెనడా సినిమాలో ఒక చిన్న భాగానికి దర్శకత్వం వహించారు గానీ ఇక్కడ దాన్ని లెక్కలోకి తీసుకోవడం లేదు. ఐదింటిలో రెండు నవలలు, ఒకటి నాటకం, రెండు బెర్గ్‌మన్ రాసినవి. అంటే ఆవిడ ఎప్పుడూ వేరొకరి రచన చేతిలో పెట్టుకునే సెట్‌కి వెళ్లారు. దేనికి ఎంత లొంగారు, దేన్ని ఎక్కడ వంచారు అన్నదే వీటిని పోల్చడానికి అసలు కొలమానం.

నా లెక్క ముందే చెప్పేస్తాను, నచ్చకపోతే మీ ఇష్టం. గదిలో ఇద్దరు మనుషులు, వాళ్ల మధ్య చెప్పలేని మాట ఒకటి ఉంటే ఉల్‌మన్‌కి సాటి వచ్చేవాళ్లు తక్కువ. కొండలు, గుర్రాలు, జనసందోహం కావాల్సిన కథ వస్తే మాత్రం పట్టు సడలుతుంది. మాట్లాడేవాళ్లని అందరూ చూపిస్తారు. ఈవిడ వింటున్నవాళ్ల ముఖం దగ్గర ఆగుతారు. ఆ అలవాటు మీకు నచ్చితే ఐదూ చూస్తారు.

ఆవిడ ఎక్కడి నుంచి వచ్చారు

క్లుప్తంగానే చెప్తాను. 1938లో టోక్యోలో నార్వేజియన్ దంపతులకి పుట్టారు. యుద్ధకాలం కెనడాలో గడిచింది. చిన్నతనంలోనే తండ్రి పోయారు. పెరిగింది నార్వేలోని ట్రోన్‌హైమ్‌లో. 1957లో స్టవాంగర్ థియేటర్‌లో ఆన్ ఫ్రాంక్ పాత్రతో స్టేజి ఎక్కారు. 1975లో బ్రాడ్‌వేలో ఇబ్సెన్ 'డాల్స్ హౌస్'లో నోరా వేశారు. విల్హెల్మ్ మోబెర్గ్ నవలల మీద యాన్ ట్రోయెల్ తీసిన 'ది ఎమిగ్రంట్స్'లో వేసిన పాత్రకి ఆస్కార్ నామినేషన్ వచ్చింది. 2009లో సిడ్నీలో కేట్ బ్లాంచెట్‌తో 'ఎ స్ట్రీట్‌కార్ నేమ్డ్ డిజైర్' నాటకానికి దర్శకత్వం వహించారు. 2022లో గౌరవ ఆస్కార్ అందుకున్నారు.

ఇదంతా ఎందుకంటే, మొదటి ఫీచర్ సినిమా తీసేనాటికి ఆవిడకి యాభై దాటాయి. అప్పటికి ముప్పై ఏళ్లకి పైగా గొప్ప రచయితల మాటల్ని నోటితో పలికి, ఒంట్లోకి ఎక్కించుకున్న మనిషి. సినిమా స్కూల్లో కెమెరా పట్టుకుని వచ్చిన దర్శకుల పద్ధతి వేరు. ఈవిడ బలమూ బలహీనతా రెండూ స్టేజి దగ్గరే ఉన్నాయి.

'సోఫీ': కుటుంబ కథలు ఇష్టమైతే ఇక్కడే మొదలుపెట్టండి

డానిష్ యూదు రచయిత హెన్రి నాథన్‌సెన్ 1932లో రాసిన 'మెండెల్ ఫిలిప్సెన్ అండ్ సన్' నవల దీనికి ఆధారం. నవల పేరు చూడండి, ఇంటి మగవాళ్ల పేరు, దుకాణం బోర్డులాగా. ఉల్‌మన్ ఆ బోర్డు పీకేసి కూతురి పేరు పెట్టారు. అడాప్టేషన్‌లో ఆవిడ తీసుకున్న మొదటి నిర్ణయం అదే అనుకుంటాను, మిగతావన్నీ దాని వెంట వచ్చాయి.

కథ 1886లో కోపెన్‌హాగన్‌లో మొదలవుతుంది. సోఫీకి ముప్పై దగ్గరపడుతున్నాయి, పెళ్లి కాలేదు. హాన్స్ హోయ్‌బి అనే చిత్రకారుడి మీద మనసు పడుతుంది. అతను క్రైస్తవుడు. ఇక్కడ మనం ఒక సీన్ కోసం సిద్ధమైపోతాం: తండ్రి కేకలు, తల్లి ఏడుపు, గదిలో పెట్టి తాళం. అదేమీ ఉండదు. ఎర్లాండ్ జోసెఫ్‌సన్, గీటా న్యోర్బీ వేసిన ఆ తల్లిదండ్రులు చాలా మంచివాళ్లు. ఒకరినొకరు ప్రేమించుకునేవాళ్లు. కూతురంటే ప్రాణం. వద్దు అని గట్టిగా ఒక్క మాట అనరు. అయినా ఆ పెళ్లి జరగదు. తమవాళ్లలోనే చూసిన జోనాస్‌ని చేసుకుని సోఫీ దూరంగా ఒక చిన్న ఊరికి కాపురానికి వెళ్తుంది.

వేరే కులం సంబంధం ప్రస్తావన వచ్చినప్పుడు హాల్లో ఎవరూ గొంతు పెంచకుండానే తేలిపోయిన ఇళ్లు మనవైపు ఎన్ని లేవు! "నీ ఇష్టం అమ్మా, నీ సుఖమే మాకు కావాలి" అన్న మాట ఎంత బరువైనదో తెలిసినవాళ్లకి ఈ సినిమాని ఎవరూ వివరించక్కర్లేదు. తెలుగు ప్రేక్షకులకి మొదటి సినిమాగా దీన్ని చెప్పడానికి నాకున్న పెద్ద కారణం ఇదే.

సోఫీగా కారెన్-లీసె మ్యూన్‌స్టర్ నటన గురించి ఎంత చెప్పినా తక్కువే. పెళ్లయ్యాక ఆమె నడక మారుతుంది, కూర్చునే తీరు మారుతుంది. మేకప్‌తో పెంచిన వయసు కాదది. రెండో సగంలో భర్త మనసు చెదిరిపోతున్నప్పుడు, మరిది మీద ఆకర్షణ మొదలైనప్పుడు, కొడుకు పెద్దవాడై తన దారి తాను ఎంచుకుంటున్నప్పుడు సోఫీ వింటూ ఉంటుంది. కథ ముందుకి నడవడమంతా ఆమె ఏం విందో, విని ఏం మింగిందో అన్న దాని మీదే.

లోపం లేదా అంటే ఉంది. రెండున్నర గంటల్లో చివరి ముప్పావుగంట సాగుతుంది. నవలలోని ఏళ్లన్నీ ఇమడ్చాలన్న తాపత్రయం కనిపిస్తుంది. కొడుకు భాగాన్ని ఇంకాస్త కుదిస్తే బాగుండేది.

ఇంకొక్క సంగతి తెలుసుకుని చూస్తే సినిమా వేరుగా కనిపిస్తుంది. 1943లో నాజీల నుంచి తప్పించుకోవడానికి డెన్మార్క్ యూదులు పడవల్లో స్వీడన్ చేరుకున్నారు. అలా వెళ్లినవాళ్లలో నాథన్‌సెన్ ఒకరు. 1944లో అక్కడే ప్రాణం తీసుకున్నారు. సినిమా ఈ విషయం ఎత్తదు. కానీ ఆ ఇంట్లో వెలిగే దీపాలు, పండగ భోజనాలు, ఈ దేశం మనదేనన్న ఆ నిశ్చింత, అన్నీ తెలిసినవాళ్ల కళ్లకి ఇంకోలా ఆనతాయి.

'క్రిస్టిన్ లావ్రాన్స్‌డాటర్': ముందు పుస్తకం, తర్వాత సినిమా

సిగ్రిడ్ ఉన్‌సెట్‌కి 1928లో నోబెల్ రావడానికి ముఖ్య కారణం 14వ శతాబ్దపు నార్వేలో నడిచే ఈ నవలాత్రయం. మూడు భాగాలు 1920, 1921, 1922ల్లో వచ్చాయి. సినిమా మొదటి భాగాన్ని మాత్రమే తీసుకుంది. గుడ్‌బ్రాన్స్‌డాలెన్ లోయలో ఒక భూస్వామి ఇంటి కూతురు క్రిస్టిన్. తండ్రి లావ్రాన్స్ అంటే ఆమెకి లోకం. సిమోన్ అనే మంచివాడితో నిశ్చితార్థం అయ్యాక ఓస్లోలో సన్యాసినుల మఠంలో ఉండగా ఎర్లెండ్ అనే పేరు చెడ్డ యోధుణ్ణి ప్రేమిస్తుంది. అతన్నే చేసుకుంటానని పట్టుబడుతుంది. చేసుకుంటుంది కూడా. ఆ పెళ్లికి ఆమె చెల్లించిన మూల్యమే కథ.

నార్వేలో ఈ సినిమాని జనం విరగబడి చూశారు. ప్రతి ఇంట్లో ఉండే పుస్తకం కదా. సినిమా కోసం సెల్ అనే చోట కట్టిన యూరున్‌గార్డ్ అనే మధ్యయుగపు వ్యవసాయ క్షేత్రం సెట్‌ని తర్వాత పడగొట్టలేదు. ఇప్పుడది సందర్శకులకి మ్యూజియం. కెమెరా బెర్గ్‌మన్ ఆస్థాన ఛాయాగ్రాహకుడు స్వెన్ న్యూక్విస్ట్‌ది. కొయ్య ఇళ్ల లోపల మంట వెలుగులో ముఖాలు తీసిన పద్ధతి చూడటానికైనా ఇది చూడొచ్చు.

కానీ మొదటి సినిమాగా దీన్ని నేను ఎవరికీ చెప్పను. మూడు గంటలకి పైగా నిడివి. పుస్తకం చదివినవాళ్లకి ప్రతి మనిషీ ముందే తెలుసు కాబట్టి దర్శకురాలు పరిచయాలకి పెద్దగా సమయం ఇవ్వరు. చదవని మనకి మొదటి గంటలో ఎవరు ఎవరి కొడుకో తేలేసరికి ఓపిక అయిపోతుంది. ఎర్లెండ్ పాత్ర ఇంకో ఇబ్బంది. పుస్తకంలో అతని ఆకర్షణ మనకి క్రిస్టిన్ కళ్లలోంచి అందుతుంది. తెర మీద అతను బయటి నుంచి కనిపిస్తాడు, కనిపించగానే "ఇతని కోసమా ఇంత?" అనిపిస్తుంది. ఉన్‌సెట్ వాక్యాలతో చేసిన పనిని ఒక నటుడి అందంతో చేయించడం కుదరలేదు.

బాగా కుదిరింది తండ్రీకూతుళ్ల భాగం. స్వేరె అంకెర్ ఊస్‌డాల్ వేసిన లావ్రాన్స్, ఎలిజబెత్ మాథెసన్ వేసిన క్రిస్టిన్ ఎదురెదురుగా నిలబడ్డ ప్రతిసారీ సినిమా లేచి నిలబడుతుంది. మళ్లీ ఆ పాత సూత్రమే: ఇద్దరు మనుషులు, ఒక గది. బయట ఆ లోయ అంతా ఉన్నా ఉల్‌మన్ మనసు మాత్రం ఆ గదిలోనే ఉంది.

పుస్తకం చదవాలనుకుంటే ఇంగ్లిష్‌లో టీనా నన్నలీ అనువాదం తీసుకోండి. దానికి ముందున్న పాత అనువాదం కావాలని పురాతన ఇంగ్లిష్‌లో చేసింది, పది పేజీలకే అలసట వస్తుంది. మొదటి భాగం ఒక్కటీ చదివినా చాలు, సినిమాకి అంతవరకే కావాలి. సినిమా దొరికినప్పుడు నిడివి ఒకసారి చూసుకోండి. మూడు గంటలు లేకపోతే అది కత్తిరించిన ప్రింట్, దాని జోలికి పోవద్దు.

'ప్రైవేట్ కన్ఫెషన్స్': నా ఓటు దీనికే

ఐదింటిలో గొప్పది ఏదంటే తడుముకోకుండా ఇదే చెప్తాను. మరి మొదటిదిగా 'సోఫీ'ని ఎందుకు చెప్పానంటే, ఇది చూడ్డానికి కొంచెం తయారీ కావాలి.

బెర్గ్‌మన్ తన తల్లిదండ్రుల జీవితం గురించి రాసిన వరసలో ఇది ఒకటి. వాటిలో మొదటిది 'ది బెస్ట్ ఇంటెన్షన్స్'. దాన్ని బిల్లె ఆగస్ట్ తీస్తే 1992లో కాన్ చిత్రోత్సవంలో పెద్ద బహుమతి పామ్ డోర్ వచ్చింది, తల్లి పాత్ర వేసిన పెర్నిల్లా ఆగస్ట్‌కి ఉత్తమ నటి బహుమతి వచ్చింది. అదే పెర్నిల్లా, అదే ఆన్నా పాత్ర ఇక్కడా. భర్త హెన్రిక్‌గా అక్కడ వేసిన సామ్యుయెల్ ఫ్రోలరే ఇక్కడా. అయితే ఆ సినిమా ముందు చూడాలా? చూస్తే మంచిది, చూడకపోయినా కథ అర్థం కాకుండా పోదు. సమయం తక్కువైతే నేరుగా ఇదే చూడండి.

పాస్టర్ భార్య ఆన్నా. ముగ్గురు పిల్లలు. టోమస్ అనే తనకన్నా చిన్నవాడు, వేదాంత విద్యార్థి, అతనితో సంబంధంలో ఉంది. 1925 వేసవిలో, చిన్నప్పుడు తనకి మతదీక్ష ఇచ్చిన జేకబ్ అంకుల్ ఎదురైతే విషయం ఆయనకి చెప్పేస్తుంది. ఆయన కూడా పాస్టరే. నిజాన్ని భర్తకి చెప్పమంటాడు. సినిమా మొత్తం సంభాషణలే, ఐదు. పక్కన ఇంకేమీ జరగదు.

జేకబ్‌గా మాక్స్ వాన్ సీడో. ఆయనకి ఉన్న డైలాగులు తక్కువేమీ కాదు, కానీ మొదటి సంభాషణలో నేను చూసింది ఆయన వినడం. ఆన్నా చెప్తూ ఉంటే ఆయన ముఖంలో ముందు ఆప్యాయత, తర్వాత చిన్న భయం, ఆ తర్వాత పాస్టర్‌గా తను ఏం చెప్పి తీరాలో గుర్తొచ్చిన బాధ, మూడూ ఒకదాని మీద ఒకటి వస్తాయి. న్యూక్విస్ట్ కెమెరా ఎక్కడికీ పోదు. ఇంకొకరైతే అక్కడ టోమస్‌తో గడిపిన రోజుల ఫ్లాష్‌బ్యాక్ వేసేవారు. ఉల్‌మన్ వేయరు. చెప్తున్న మనిషిని నమ్మాలా వద్దా అని మనం కూడా జేకబ్‌తో పాటే తేల్చుకోవాలి.

రెండో సంభాషణలో ఆన్నా భర్తకి నిజం చెప్తుంది. ఆ తర్వాత వచ్చే పరిణామాల్ని చూస్తే, నిజం చెప్పమన్న సలహా మంచిదేనా అని అనుమానం పుడుతుంది. అది సినిమా వదిలిపెట్టని ప్రశ్న. ఏళ్లు గడిచాక జేకబ్ చావు దగ్గరపడి మంచాన ఉన్నప్పుడు, నేను చెప్పినట్టు చేశావా, ఏమైంది అని అడుగుతాడు. పోయే మనిషికి ఏం చెప్పాలి? పెర్నిల్లా ఆగస్ట్ ఆ సమాధానం చెప్పే ముందు తీసుకున్న ఆ కాస్త సమయం ఈ ఐదు సినిమాల్లోనూ నాకు అన్నిటికన్నా ఇష్టమైన చోటు. ఆఖరి సంభాషణ కాలంలో వెనక్కి వెళ్తుంది, దీక్షకి ముందు పడుచుపిల్లగా ఉన్న ఆన్నా దగ్గరికి. అది ఎందుకు అక్కడ పెట్టారో సినిమా అయ్యాక గానీ తట్టదు.

బెర్గ్‌మన్ స్వయంగా తీసి ఉంటే ఎలా ఉండేదని అడిగేవాళ్లున్నారు. నా ఊహ: ఇంకా కఠినంగా ఉండేది, హెన్రిక్ మీద ఇంకా కోపం ఉండేది. తండ్రి మీద కొడుక్కి ఉన్న లెక్కలు ఉల్‌మన్‌కి లేవు. అందుకే హెన్రిక్ ఇక్కడ రాక్షసుడు కాలేదు. భయపడిపోయిన మనిషిగా మిగిలాడు.

ఇది టీవీ కోసం తీసింది. ఆ వెర్షన్ మూడు గంటలు దాటుతుంది, థియేటర్ వెర్షన్ రెండు గంటలు చిల్లర. ఎంచుకునే వీలుంటే టీవీదే. ఒక్కో సంభాషణ చూసి ఆపుకోవచ్చు, రోజుకొకటి చొప్పున చూసినా పోయేదేమీ లేదు. నిజానికి అలా చూస్తేనే బాగుంటుంది.

'ఫెయిత్‌లెస్': మంచి సినిమా, కానీ రోజు చూసుకుని పెట్టుకోండి

ఇది ఏ నవల నుంచీ వచ్చింది కాదు. బెర్గ్‌మన్ నేరుగా స్క్రిప్ట్‌గా రాసి ఉల్‌మన్ చేతిలో పెట్టారు. మరి సాహిత్యం మీద వచ్చిన సినిమాల వరసలో ఎందుకు చేర్చానంటే, ఆ స్క్రిప్ట్‌ది చాలావరకు ఒక స్త్రీ చెప్పుకుపోయే స్వగతం. సినిమాగా మార్చాల్సిన పని నవలకి ఎంతో దీనికీ అంతే.

ద్వీపంలో సముద్రం కనపడే గది. ముసలి రచయిత. సినిమాలో ఆయన పేరు బెర్గ్‌మన్, వేసింది మళ్లీ ఎర్లాండ్ జోసెఫ్‌సన్. ఆయన ఊహలోంచి మరియన్నె అనే నటి వచ్చి కూర్చుని తన కథ చెప్తుంది. భర్త మార్కుస్ సంగీత దర్శకుడు, ఆర్కెస్ట్రా నడిపేవాడు. అతని ప్రాణస్నేహితుడు డేవిడ్ సినిమా దర్శకుడు. మరియన్నె, డేవిడ్‌ల మధ్య సరదాగా మొదలైన సంబంధం ముగ్గురినీ ముంచుతుంది. నలుగురినీ అనాలి. ఇసబెల్లె అని తొమ్మిదేళ్ల కూతురుంది.

ఉల్‌మన్ చేతి ముద్ర ఇక్కడ ఆ పాప దగ్గర కనిపిస్తుంది. పెద్దవాళ్లు పోట్లాడుకుంటూ ఉంటే కెమెరా పాప దగ్గరికి వెళ్లి వస్తుంది. మంచం మీద కూర్చుని, తలుపు పక్కన నిలబడి, అర్థం కానట్టు అన్నీ అర్థం చేసుకుంటూ. పెద్దవాళ్ల ప్రేమకథ అనుకుని చూస్తున్న మనకి మెల్లగా టెన్షన్ మొదలయ్యేది అక్కడి నుంచే. బెర్గ్‌మన్ పాత జీవితం, ఉల్‌మన్‌కి ఆయనతో ఉన్న అనుబంధం, వాళ్లిద్దరి కూతురు లిన్, ఇవన్నీ తెలిసినవాళ్లు సినిమాలో ఆ ఛాయలు వెతుకుతారు. వెతకండి, తప్పులేదు. కానీ అవేమీ తెలియకపోయినా సినిమా నిలబడుతుంది.

మరియన్నెగా లెనా ఎండ్రె నటన కోసం సినిమా చూడమంటాను. ఒక చోట మరియన్నె తనకి జరిగిన ఒక దారుణమైన బేరాన్ని వివరిస్తుంది. తెర మీద చూపించరు. ఆమె చెప్తూ ఉంటే విన్న డేవిడ్ ఏం అడుగుతాడో, ఆ అడగడంలో జాలి ఎంత, అసూయ ఎంత అన్నది చూడండి. ఆ సీన్ తర్వాత డేవిడ్ మీద మన అభిప్రాయం మారకుండా ఉండదు.

రెండున్నర గంటలు. అలసిపోయి ఉన్న రాత్రి వద్దు. విడాకులు, పిల్లల కస్టడీ గొడవల్లో ఉన్నవాళ్లకి అసలు వద్దు, ఇది మొహమాటం లేకుండా చెప్తున్నాను. ఆత్మహత్య ప్రస్తావన కూడా ఉంది.

'మిస్ జూలీ': నాటకం తెలిసినవాళ్లకే

ఆగస్ట్ స్ట్రిండ్‌బెర్గ్ 1888లో రాసిన నాటకం. ఒకే అంకం. ఒకే చోటు, వంటగది. ఒకే రాత్రి, మిడ్‌సమ్మర్ పండగ రాత్రి. జమీందారు కూతురు జూలీ, ఇంటి సేవకుడు జాన్, అతను చేసుకోబోయే వంటమనిషి క్రిస్టిన్. పై మెట్టు మీదున్న ఆమె కిందకి రావాలనుకోవడం, కింది మెట్టు మీదున్న అతను పైకి ఎక్కాలనుకోవడం. ఇద్దరూ మధ్యలో కలుసుకుని తెల్లవారేసరికి ఒకరు నాశనమవుతారు.

ఉల్‌మన్ కథని స్వీడన్ నుంచి 1890 నాటి ఐర్లండ్‌కి, ఫెర్మానా ప్రాంతానికి తీసుకెళ్లారు. అక్కడి కాజిల్ కూల్ భవంతిలో షూట్ చేశారు. జూలీగా జెస్సికా చాస్టెయిన్, జాన్‌గా కోలిన్ ఫారెల్, వంటమనిషికి క్యాథ్లీన్ అని పేరు మార్చి సమంతా మోర్టన్. ఆంగ్లో-ఐరిష్ జమీందారీ, ఐరిష్ నౌకర్లు అనేసరికి వర్గానికి వలస పాలన కోణం కూడా తోడవుతుందని ఆశ పడతాం. సినిమా ఆ తలుపు తెరిచి లోపలికి వెళ్లదు. ఊరు మార్చినందుకు దక్కిన లాభం నాకు పెద్దగా కనపడలేదు.

అసలు సమస్య నిడివి. స్టేజి మీద గంటన్నరలో పూర్తయ్యే నాటకం ఇక్కడ రెండు గంటలు దాటింది. స్ట్రిండ్‌బెర్గ్ నాటకానికి విరామం పెట్టకపోవడం ఊరికే కాదు. ప్రేక్షకుడికి ఊపిరి తీసుకునే సందు ఇస్తే ఆ మాయ చెదిరిపోతుందని ఆయన భయం. ఉల్‌మన్ ప్రతి మాట తర్వాతా ముఖం మీద ఆగుతారు. 'ప్రైవేట్ కన్ఫెషన్స్'లో ఏ అలవాటు ప్రాణం పోసిందో అదే ఇక్కడ వేగాన్ని చంపింది. జూలీ పెంచుకున్న పక్షిని చంపే ఘట్టం నాటకంలో చదువుతుంటేనే ఉలిక్కిపడతాం, మాట పూర్తయ్యేలోపు జరిగిపోతుంది. తెర మీద దానికి ముందే అంతసేపు ఏడుపు, అరుపు విని ఉంటాం కాబట్టి ఆ దెబ్బ తగలాల్సినంత తగలదు.

అయినా ఒక కారణానికి చూడమంటాను: సమంతా మోర్టన్. నాటకంలో క్రిస్టిన్ ఎక్కువసేపు నిద్రపోతూనో, లేకుండానో ఉంటుంది. ఇక్కడ ఆమె మెలకువగా ఉంది. పక్క గదిలో ఏం జరుగుతోందో ఆమెకి తెలుసని మనకి తెలుస్తుంది. మళ్లీ వినే మనిషే. ఇంటి పని చేసే స్త్రీ వైపు నుంచి ఈ నాటకాన్ని ఇంత దగ్గరగా చూపించిన సినిమా ఇంకోటి నేను చూడలేదు.

దీన్ని చూసేముందు 1951లో ఆల్ఫ్ స్యోబెరి తీసిన స్వీడిష్ వెర్షన్ చూడగలిగితే పోలిక భలే ఉంటుంది. కాన్‌లో పెద్ద బహుమతి పంచుకున్న సినిమా అది. ఆయన వంటగది గోడలు పగలగొట్టేశారు. పాత్ర తన చిన్నతనం గుర్తు చేసుకుంటూ ఉంటే అదే ఫ్రేమ్‌లో వెనకాల ఆ చిన్నతనం నడిచి వస్తుంది, కట్ కూడా ఉండదు. అందులో చిన్న వేషంలో కుర్ర మాక్స్ వాన్ సీడో కనిపిస్తాడు. నాటకాన్ని సినిమా చెయ్యడం ఎలా అన్న పాఠం కావాలంటే స్యోబెరి. నటుల్ని దగ్గరగా గమనించాలంటే ఉల్‌మన్. రెండిట్లో ఒకటే చూస్తానంటే నేను 1951 దాన్నే చేతిలో పెడతాను.

ఎవరికి ఏది

నవలలు బాగా చదివేవాళ్లు, శరత్ 'దేవదాసు' పుస్తకాన్నీ 1953 సినిమానీ పక్కపక్కన పెట్టి వాదించుకునే రకం అయితే 'సోఫీ', తర్వాత ఉన్‌సెట్ మొదటి భాగం చదివి 'క్రిస్టిన్'. నాటకాలు వేసేవాళ్లు, యాక్టింగ్ నేర్చుకుంటున్నవాళ్లు నేరుగా 'ప్రైవేట్ కన్ఫెషన్స్' మొదటి సంభాషణ పెట్టుకోండి, కావాలంటే సౌండ్ తీసేసి ఒకసారి, పెట్టుకుని ఒకసారి. బెర్గ్‌మన్ సినిమాలు ఇప్పటికే చూసి ఉన్నవాళ్లు 'ఫెయిత్‌లెస్'తో మొదలుపెట్టినా నష్టం లేదు. ఇంట్లో పెద్దవాళ్లతో కలిసి చూడాలంటే ఐదింటిలో కాస్త ఇబ్బంది లేనిది 'సోఫీ' ఒక్కటే. సబ్‌టైటిల్స్ చదవడం విసుగనుకునేవాళ్లకి 'మిస్ జూలీ' ఒక్కటే ఇంగ్లిష్‌లో ఉంది, కానీ ఆ ఒక్క కారణంతో దాన్ని ఎంచుకోవద్దని మళ్లీ చెప్తున్నా.

ఉల్‌మన్ గురించి భారతీయ దర్శకుడు ధీరజ్ అకోల్కర్ 2012లో తీసిన 'లివ్ అండ్ ఇంగ్మార్' డాక్యుమెంటరీ ముందు చూడాలా అని అడుగుతారు. వద్దు. అది బెర్గ్‌మన్‌తో ఆవిడ బంధం గురించి, దర్శకత్వం గురించి కాదు. అది చూశాక 'ఫెయిత్‌లెస్'ని మీరు గాసిప్‌లా చూస్తారు. ముందు సినిమా, తర్వాత డాక్యుమెంటరీ.

సాహిత్యాన్ని సినిమా చేసిన నార్వే దర్శకులంటే తాంక్రెడ్ ఇబ్సెన్ పేరు కూడా ఎవరో ఒకరు తెస్తారు. న్యాయమే. నాటకకర్త ఇబ్సెన్‌కీ రచయిత బ్యోర్న్‌సన్‌కీ ఇద్దరికీ మనవడు ఆయన. గాబ్రియెల్ స్కాట్ నవల మీద 1937లో 'ఫాంట్', తాత ఇబ్సెన్ నాటకం మీద 1963లో 'ది వైల్డ్ డక్' తీశారు. కానీ అది పాత నార్వేజియన్ సినిమా చరిత్ర మీద ఆసక్తి పుట్టాక వెళ్లాల్సిన దారి. ఇప్పటికి ఒక శనివారం మధ్యాహ్నం ఖాళీ చేసుకుని 'సోఫీ' పెట్టుకోండి. పెళ్లయ్యేదాకా చూసి కాస్త ఆపి, టీ తాగి, రెండో సగం చూడండి.